అలన్ ఫ్రీడ్: పాటకు దారి చూపిన రేడియో గొంతు

సెలవుల నుంచి తిరిగొచ్చిన మా హాస్టల్ పిల్లలు ఊళ్ళో నేర్చుకున్న థింసా పాటలు హుషారుగా పాడి వినిపిస్తారు. ఈ పాట మీకు ఎవరు నేర్పారని అడిగితే మాత్రం మొహమొహాలు చూసుకుంటారు. అలాంటి మన పిల్లల కోసమే, దూరదేశపు రేడియో వ్యాఖ్యాత ఒకరి జీవితాన్ని ఇక్కడ చెబుతున్నాము.

అలన్ ఫ్రీడ్ 1921 డిసెంబర్ 15న అమెరికాలోని పెన్సిల్వేనియా రాష్ట్రంలో పుట్టారు, ఒహాయో రాష్ట్రంలో పెరిగారు. 1951లో క్లీవ్‌లాండ్ నగరంలో రాత్రిపూట రేడియో కార్యక్రమం మొదలుపెట్టారు. అప్పట్లో నల్లజాతి గాయకుల పాటలను చాలా స్టేషన్లు దూరం పెట్టేవి. అవే పాటలను తెల్లవారు మళ్ళీ పాడిన రికార్డుల్లో వినిపించేవి. ఫ్రీడ్ మాత్రం అసలు గాయకుల రికార్డులే వేశారు. నల్లజాతివారి వాడుకలో ఉన్న రాక్ అండ్ రోల్ అనే మాటను ఆ సంగీతానికి పేరుగా ఊరూరా వ్యాప్తి చేశారు.

1952 మార్చి 21న క్లీవ్‌లాండ్‌లో ఆయన ఏర్పాటు చేసిన సంగీత కార్యక్రమానికి జనం హాలు పట్టనంతగా వచ్చారు. తలుపులు విరిగాయి, కార్యక్రమం మధ్యలోనే ఆగిపోయింది. రాక్ అండ్ రోల్ తొలి కచేరీగా నేడు దాన్నే చెప్పుకుంటారు. 1954లో ఫ్రీడ్ న్యూయార్క్ చేరారు. 1957లో ఆయన టీవీ కార్యక్రమంలో నల్లజాతి గాయకుడు ఫ్రాంకీ లైమన్ తెల్లజాతి అమ్మాయితో కలిసి నాట్యం చేశాడు. దానిపై గొడవ రేగి, ఆ కార్యక్రమమే నిలిచిపోయింది.

ఇంత మంచి చేసిన మనిషిలో తప్పులూ ఉన్నాయి. చక్ బెర్రీ 1955లో పాడిన మేబెలీన్ పాటకు రచయితల్లో ఒకరిగా ఫ్రీడ్ పేరు కూడా చేరింది. తన పాట పూర్తిగా తన పేరుకు రావడానికి బెర్రీకి సుమారు ముప్ఫై ఏళ్ళు పట్టింది. పాటలు వేయడానికి రికార్డు కంపెనీల నుంచి డబ్బు తీసుకున్నారన్న గొడవలో 1959లో ఫ్రీడ్ ఉద్యోగం పోయింది. 1962లో కోర్టులో నేరం ఒప్పుకుని జరిమానా కట్టారు. తాగుడు ఆరోగ్యాన్ని తినేసింది. 1965 జనవరి 20న, 43 ఏళ్ళకే కన్నుమూశారు. 1986లో రాక్ అండ్ రోల్ హాల్ ఆఫ్ ఫేమ్ తొలి బృందంలో ఆయనకు చోటు దక్కింది. దాని మ్యూజియం ఇప్పుడు క్లీవ్‌లాండ్‌లోనే ఉంది.

పిల్లలూ, మనమూ ఇప్పుడు ఫోన్ పట్టుకుని పాటలు పంచేవాళ్ళమే. అవ్వ పాడిన పాట రికార్డు చేస్తే, ముందు ఆమెను అడగండి. ఆమె పేరు, ఊరు పేరు తప్పకుండా రాయండి. ఫ్రీడ్ చేసిన మంచిని మనమూ చేద్దాం. ఆయన చేసిన తప్పు మాత్రం మన అవ్వల పాటలకు జరగనివ్వొద్దు.