రోజుకో రూపాయి

'మైదాన్' సినిమా చూసిన ఉయ్యూరు పేరెంట్స్‌కు సయ్యద్ అబ్దుల్ రహీం గుర్తుండే ఉంటారు. 1909లో హైదరాబాద్‌లో పుట్టారు. స్కూలు మాస్టారు, కాచిగూడ, చాదర్‌ఘాట్ బడుల్లో పాఠాలు చెప్పారు. హైదరాబాద్ సిటీ పోలీస్ జట్టుకు, 1950 నుంచి భారత జట్టుకు కోచ్.

కుర్రాళ్లకు ఆయన పెట్టిన పోటీలు చిత్రమైనవి. ఒకదానిలో బంతిని ఒంటరిగా నడుపుకుంటూ పోకూడదు, తోటివాడికి అందించాల్సిందే. ఇంకోదానిలో అలవాటులేని కాలితోనే తన్నాలి. గెలుద్దామని వచ్చిన పిల్లాడికి ఎంత చిరాకొచ్చి ఉంటుందో!

సికింద్రాబాద్ అమ్ముగూడ కుర్రాడు తులసీదాస్ బలరాంకు సైకిల్ లేదు. ప్రాక్టీసుకు రావడానికి అద్దె సైకిల్ కోసం రహీం రోజుకో రూపాయి ఇచ్చేవారు. 1956 మెల్‌బోర్న్ ఒలింపిక్స్‌లో నాలుగో స్థానం తెచ్చిన మన జట్టులో ఆ బలరాం ఉన్నాడు.

1962 జకార్తా ఆసియా క్రీడల నాటికి రహీంకు ఊపిరితిత్తుల క్యాన్సర్. దక్షిణ కొరియాతో ఫైనల్లో, తలకు కుట్లు పడ్డ డిఫెండర్ జర్నైల్ సింగ్‌ను ధైర్యంగా ముందు వరుసలో ఆడించారు. అతను ఒక గోల్, పి.కె. బెనర్జీ ఒక గోల్ కొట్టారు. 2-1తో బంగారు పతకం.

రహీం 1963 జూన్ 11న కన్నుమూశారు. ఆసియా క్రీడల ఫుట్‌బాల్‌లో మనకు మళ్లీ బంగారం రాలేదు.