దీపం కింది చీకటి

రోగి బాధను అందరూ గుర్తిస్తారు. బంధువులు పరామర్శిస్తారు, వైద్యులు పరీక్షిస్తారు. ఆ రోగి పక్కన రాత్రంతా మేల్కొని ఉన్న నర్సు మనసులో ఏముందో అడిగి తెలుసుకునేవారు మాత్రం అరుదు. ఆధునిక నర్సింగ్ వృత్తికి పునాదులు వేసిన ఫ్లోరెన్స్ నైటింగేల్ పేరు వినగానే చేతిలో దీపం పట్టుకొని రోగుల మధ్య నడిచే కరుణామూర్తి మన కళ్ల ముందు నిలుస్తుంది. నర్సింగ్ విద్యార్థినులు దీపాలు వెలిగించి ప్రతిజ్ఞ చేసేటప్పుడు ఆమెనే స్మరిస్తారు. అయితే దీపం కిందనే చీకటి ఉంటుందని మన పెద్దలు చెప్పిన మాట ఆమె జీవితానికి కూడా వర్తిస్తుంది. లోకానికి వెలుగు పంచిన ఆమె తన జీవితంలో చాలాకాలం మనోవేదనతో పోరాడింది.

ఫ్లోరెన్స్ 1820వ సంవత్సరం మే 12వ తేదీన ఇటలీలోని ఫ్లోరెన్స్ నగరంలో జన్మించింది. ఆ నగరం పేరునే తల్లిదండ్రులు ఆమెకు పెట్టారు. తండ్రి విలియం, తల్లి ఫ్రాన్సెస్ సంపన్నులైన ఆంగ్లేయులు. ఆమెకు పార్థినోప్ అనే అక్క ఉంది. విద్యావంతుడైన తండ్రి కుమార్తెలకు తానే గురువై గ్రీకు, లాటిన్ భాషలు, చరిత్ర, తత్త్వశాస్త్రం బోధించాడు. ఫ్లోరెన్స్‌కు గణితంపై మక్కువ ఎక్కువ. కాని ఆ కాలంలో ధనిక కుటుంబాల ఆడపిల్లలు ఎంత చదివినా ఆ చదువు విందులకు, వినోదాలకు, వివాహానికి అలంకారం మాత్రమే. ఆ చదువుతో ఏదైనా పని చేయాలన్న ఆలోచనే తప్పుగా భావించేవారు.

1837 ఫిబ్రవరిలో, పదహారేళ్ల వయసులో, భగవంతుడు తనను సేవకు పిలిచినట్లు ఆమెకు అనిపించింది. ఆ సేవ రోగుల పరిచర్యే అని గ్రహించడానికి కొన్నేళ్లు పట్టింది. 1845లో సమీపంలోని సాలిస్‌బరీ ఆస్పత్రిలో శిక్షణ పొందుతానని ఇంట్లో అడిగింది. తల్లి, అక్క భయభ్రాంతులయ్యారు. నాటి ఆస్పత్రులు మురికికూపాలు. అక్కడ పరిచర్యచేసే స్త్రీలకు చదువు లేదు, శిక్షణ లేదు, సమాజంలో గౌరవం లేదు. అందుచేత కుటుంబం అనుమతి నిరాకరించింది.

ఆ నిరాకరణ ఆమెను లోలోపల దహించివేసింది. చేయదలచిన పని కళ్లెదుట కనిపిస్తున్నా చేయడానికి వీలులేని స్థితి అది. మేల్కొని ఉండగానే పగటికలలలో మునిగిపోవడం ఆమెకు అలవాటైంది. ఆ అలవాటును మానుకోలేక తనను తానే నిందించుకునేది. 1850 నాటి ఆమె దినచర్య పుస్తకాలు చూస్తే ఆ రోజులలో ఆమె ఎంతటి నిరాశలో ఉన్నదో, మరణమే మేలని ఎన్నిసార్లు తలచిందో తెలుస్తుంది. ముప్ఫై ఏళ్లు నిండుతున్నా జీవితం వ్యర్థమైపోయిందన్న భావన ఆమెను వెంటాడింది. తనను ప్రేమించిన రిచర్డ్ మాంక్‌టన్ మిల్న్స్ అనే కవిని కూడా 1849లో ఆమె వివాహమాడడానికి నిరాకరించింది. గృహజీవితంలో తన ఆశయం అణగిపోతుందని ఆమె భయం.

మనసు కుదుటపడుతుందన్న ఆశతో కుటుంబ స్నేహితులు ఆమెను ఈజిప్టు, గ్రీసు దేశాల యాత్రకు వెంట తీసుకువెళ్లారు. ఏథెన్స్ నగరంలో పిల్లల చేతికి చిక్కిన ఒక గుడ్లగూబ పిల్లను ఆమె కాపాడి, ఎథీనా అని పేరు పెట్టి జేబులో పెట్టుకొని పెంచింది. తిరుగు ప్రయాణంలో జర్మనీలోని కైజర్స్‌వెర్త్‌లో ఉన్న సేవాసంస్థను దర్శించింది. 1851లో మళ్లీ అక్కడికి వెళ్లి మూడు నెలలు శిక్షణ పొందింది. అక్కడ తిండి సాదా, పని కఠినం. అయినా ఆమె మనసుకు ఎన్నడూ లేని స్వస్థత అక్కడే లభించింది. చేతినిండా పని దొరికిన తరువాత పగటికలలకు తావు లేకపోయింది. 1853లో లండన్‌లోని హార్లీ వీధిలో రోగులైన స్త్రీలకోసం నడిచే ఒక ఆస్పత్రికి ఆమె పర్యవేక్షకురాలు అయింది.

1854లో బ్రిటన్, ఫ్రాన్సు దేశాలు రష్యాపై యుద్ధానికి దిగాయి. అదే క్రిమియా యుద్ధం. గాయపడిన సైనికులకు కనీసపు వైద్యం కూడా అందడం లేదని పత్రికలు వెల్లడించడంతో ఇంగ్లండులో ప్రజాగ్రహం పెల్లుబికింది. యుద్ధ వ్యవహారాల మంత్రి, ఆమె మిత్రుడు అయిన సిడ్నీ హెర్బర్ట్ కోరికపై అక్టోబరు 21న ఆమె 38 మంది నర్సులతో బయలుదేరింది. ప్రయాణానికి సిద్ధమవుతున్న రోజులలోనే పెంపుడు గుడ్లగూబ చనిపోయింది. ఎంతో నిబ్బరంగా ఏర్పాట్లు చేసుకుంటున్న ఆమె ఆ చిన్న ప్రాణికోసం కన్నీరు పెట్టుకుంది.

నవంబరు 4న వారు కాన్‌స్టాంటినోపుల్‌కు ఎదురుగా ఉన్న స్కుటారి సైనిక ఆస్పత్రికి చేరుకున్నారు. పొడవైన నడవాలలో క్షతగాత్రులు వరుసలుగా పడి ఉన్నారు. దుప్పట్లు లేవు, శుభ్రమైన నీరు లేదు. భవనం కింద మురుగు కాలువలు నిండిపోయి దుర్గంధం వ్యాపించింది. ఆమె బట్టలుతికే ఏర్పాటు చేయించింది, వంటశాలలు బాగుచేయించింది, సామగ్రి సమకూర్చింది. రాత్రివేళ దీపం పట్టుకొని ఒక్కొక్క మంచం దగ్గర ఆగుతూ నడిచేది. మరణించిన సైనికుల తల్లులకు, భార్యలకు స్వయంగా ఉత్తరాలు రాసేది. ఆమె వెంట వచ్చిన నర్సులలో కొందరు జబ్బుపడి వెనుదిరిగారు. కొందరు అక్కడే ప్రాణాలు విడిచారు.

ఇంత చేసినా ఆ చలికాలంలో మరణాలు తగ్గలేదు సరికదా, పెరిగాయి. 1855 ఫిబ్రవరిలో చేరిన ప్రతి వందమందిలో సుమారు 42 మంది మరణించారు. మార్చి నెలలో వచ్చిన పారిశుధ్య సంఘం మురుగు కాలువలు శుభ్రం చేయించి, గాలి ధారాళంగా వచ్చే ఏర్పాట్లు చేసిన తరువాత మరణాలు శీఘ్రంగా తగ్గిపోయాయి. ఆ మే నెలలో క్రిమియాకు వెళ్లిన ఆమె తీవ్రమైన జ్వరానికి గురై మృత్యుముఖం వరకూ వెళ్లి వచ్చింది. కోలుకోకముందే తిరిగి పనిలో ప్రవేశించింది.

1856 ఆగస్టులో ఆమె స్వదేశానికి తిరిగివచ్చింది. దేశమంతా ఆమెను వీరనారిగా కీర్తిస్తున్నది. కాని ఆమె ఊరేగింపులను, సన్మానాలను తప్పించుకొని మారుపేరుతో ప్రయాణంచేసి ఎవరికీ తెలియకుండా ఇల్లు చేరింది. కురుక్షేత్ర సంగ్రామంలో గెలిచిన ధర్మరాజుకు సింహాసనం సంతోషం ఇవ్వలేదు. మరణించినవారే ఆయనకు కన్నులలో మెదిలారు. ఆమె స్థితి కూడా అటువంటిదే. కళ్లెదుట చనిపోయిన సైనికులు ఆమె మనసును విడిచిపోలేదు. నిద్ర, ఆహారం కరవయ్యాయి. జీవించినంతకాలం వారి పక్షాన పోరాడుతానని తన సొంత కాగితాలలో రాసుకుంది.

గణాంక శాస్త్రవేత్త విలియం ఫార్ సహాయంతో ఆమె యుద్ధకాలపు మరణాల లెక్కలు పరిశీలించింది. సైనికులలో అత్యధికులు శత్రువుల తూటాలవల్ల గాక, నివారించదగిన రోగాలవల్ల మరణించారని ఆ లెక్కలు నిరూపించాయి. ఆ సత్యాన్ని పాలకులు ఒక్క చూపులో గ్రహించేటట్లు రంగుల పటాలు గీయించింది. అయితే ఆ రోగాలు ప్రబలిన చోట్లలో ఆమె పనిచేసిన స్కుటారి కూడా ఒకటి. తన పర్యవేక్షణలోనే అంతమంది చనిపోయారన్న అపరాధభావమే ఆమెను కుంగదీసిందని కొందరు చరిత్రకారులు భావించారు. మరికొందరు దీనిని అంగీకరించలేదు. ఏమైనా 1857 ఆగస్టులో ఆమె ఒక్కసారిగా కుప్పకూలింది. గుండెదడ, నీరసం, ఆహారం చూస్తే వెగటు, మనుషులు దగ్గరకు వస్తే భయం ఆమెను ఆవరించాయి.

అది మొదలు దాదాపు ముప్ఫై ఏళ్లపాటు ఆమె ఎక్కువకాలం గది దాటలేదు. క్రిమియాలో వచ్చిన జ్వరం బ్రూసెల్లోసిస్ అనే దీర్ఘవ్యాధి అయి ఉంటుందనీ, శరీరపు నొప్పులకు, మనసులోని దిగులుకు కూడా అదే కారణం కావచ్చుననీ ఆధునిక వైద్యులు కొందరు ఊహించారు. యుద్ధభూమి మిగిల్చిన మానసిక గాయమే మూలమని మరికొందరి అభిప్రాయం. దేహాన్నీ మనసునూ విడదీసి ఆమె వ్యాధిని వివరించడం సాధ్యం కాదు. ఆ కాలంలో అటువంటి బాధకు సరైన పేరు లేదు, చికిత్స లేదు.

ఆ మంచం మీదినుంచే ఆమె అసంఖ్యాకమైన ఉత్తరాలు, నివేదికలు రాసింది. తనను తాను ఎంత శ్రమపెట్టుకున్నదో సహచరులనూ అంతే శ్రమపెట్టింది. అనారోగ్యంతో ఉన్న సిడ్నీ హెర్బర్ట్‌ను కూడా విశ్రాంతి తీసుకోనివ్వలేదు. 1861లో ఆయన మరణించినప్పుడు ఆమె దుఃఖానికి అంతులేకపోయింది. అటు తరువాత కొన్నేళ్లు మంచానికే పరిమితమైంది.

తన విషయంలో పాటించలేకపోయిన నియమాన్ని ఆమె ఇతరుల విషయంలో మరువలేదు. ప్రజలు ఆమె పేరిట సమకూర్చిన నిధితో 1860లో లండన్‌లోని సెయింట్ థామస్ ఆస్పత్రిలో నర్సుల శిక్షణాలయం ఆరంభమైంది. అక్కడ శిక్షణ పొందే ప్రతి యువతికీ విడిగా పడకగది ఏర్పాటు చేశారు. పగలంతా ఇతరుల బాధల మధ్య గడిపే మనిషికి తనదంటూ ఒక ఏకాంతం అవసరమన్న గుర్తింపు ఆ ఏర్పాటులో ఉంది. నర్సింగ్ గురించి 1859లో రాసిన గ్రంథంలో అనిశ్చితి, ఎదురుచూపు, భయం రోగికి శ్రమకంటే ఎక్కువ హాని చేస్తాయని వివరించింది. బాధ్యత వహించడమంటే అన్నీ తానే చేయడం కాదనీ, తాను లేనప్పుడు కూడా పని ఆగకుండా చూడడమేననీ బోధించింది.

ఆ బోధ విలువను ఒక మరణం లోకానికి తెలియజేసింది. ఐర్లండుకు చెందిన ఆగ్నెస్ జోన్స్ ఆ శిక్షణాలయంలో చదివిన ఉత్తమ విద్యార్థిని. 1865లో ఆమె పన్నెండుమంది నర్సులతో లివర్‌పూల్‌లోని పేదల ఆస్పత్రిలో అడుగుపెట్టింది. అక్కడ రోగులు వెయ్యిమందికి పైగా ఉన్నారు. రాత్రింబవళ్లు శ్రమించి ఆ ఆస్పత్రి రూపురేఖలు మార్చింది. అలసి ఉన్న శరీరానికి టైఫస్ జ్వరం సోకగా 1868 ఫిబ్రవరిలో, 35 ఏళ్ల వయసులోనే మరణించింది. నైటింగేల్ ఆమె జీవితం గురించి వ్యాసం రాసి, ఆ భారం మోయడానికి మరింతమంది యువతులు శిక్షణ పొంది రావాలని కోరింది. ఒక్కరి త్యాగంతో ఆస్పత్రులు నడవవు. తగినంతమంది చేతులు కలిస్తేనే నడుస్తాయి.

ఆమె దృష్టి మన దేశం వైపు కూడా ప్రసరించింది. భారతదేశంలోని బ్రిటిష్ సైనికులలో ఏటా వెయ్యికి 69 మంది మరణిస్తున్నారని 1863 నాటి నివేదిక వెల్లడించింది. ఆ నివేదికకోసం శ్రమించిన ఆమె, తరువాత సామాన్య ప్రజల ఆరోగ్యం గురించి, కరవుల గురించి ఆలోచించింది. గోదావరిపై ధవళేశ్వరం ఆనకట్ట నిర్మించిన సర్ ఆర్థర్ కాటన్ వాదనలను బలపరచి, కరవుల నివారణకు నీటిపారుదల అవసరమని వాదించింది. భారతదేశాన్ని చూడకుండానే దశాబ్దాల తరబడి ఇక్కడి ప్రజలకోసం రాసింది.

వయసు పైబడినకొద్దీ ఆమె మనసులోని విషాదం క్రమంగా కరిగింది. పరుషంగా ఉండే స్వభావం మృదువైంది. పెంపుడు పిల్లులు, యువ నర్సులతో ఉత్తరప్రత్యుత్తరాలు ఆమెకు ఊరటనిచ్చాయి. చివరి సంవత్సరాలలో చూపు పోయింది. 1907లో ఆర్డర్ ఆఫ్ మెరిట్ గౌరవం పొందిన తొలి మహిళ ఆమె. 1910 ఆగస్టు 13న, 90 ఏళ్ల వయసులో మరణించింది. దేశప్రముఖులను ఖననంచేసే వెస్ట్‌మినిస్టర్ ఆబేలో స్థానం ఇస్తామన్నా, ఆమె కోరిక మేరకు బంధువులు నిరాకరించారు. ఈస్ట్ వెలో గ్రామంలోని సమాధిపై ఆమె పేరులోని తొలి అక్షరాలు, జనన మరణ తేదీలు మాత్రమే ఉన్నాయి.

ఆమె జన్మదినమైన మే 12ను ప్రపంచ దేశాలు అంతర్జాతీయ నర్సుల దినోత్సవంగా జరుపుకుంటున్నాయి. 2020లో కరోనా మహమ్మారి విజృంభించినప్పుడు లండన్‌లో నిర్మించిన తాత్కాలిక ఆస్పత్రికి ఆమె పేరే పెట్టారు. ఆ రోజులలో జనం చప్పట్లు కొట్టి నర్సులను అభినందించారు. కాని బంధువులు దగ్గరలేని రోగుల చివరిచూపును తామే చూసిన నర్సులు ఎందరో నిద్రలేమితో, దిగులుతో, అపరాధభావంతో బాధపడ్డారు. స్కుటారి నుంచి తిరిగివచ్చిన నైటింగేల్ అనుభవించినది కూడా అదే. సేవ చేసేవారిని దేవతలని పొగడడం సులభం. వారికి తగిన విశ్రాంతి, తోడుగా మరికొందరు మనుషులు, మనసు విప్పి చెప్పుకోవడానికి అవకాశం కల్పించడం కష్టం. ఆ కష్టమైన పనిని సమాజం చేసిననాడే ఆమె ఋణం కొంతైనా తీరుతుంది. దీపం వెలుగుతూ ఉండాలంటే అందులో నూనె పోసేవారు కూడా ఉండాలి కదా!