గొంతు కావాలి, మనిషి వద్దు: మ్యూరియల్ స్మిత్ జీవితం

1952లో 'మౌలిన్ రూజ్' అనే సినిమా వచ్చింది. పారిస్ నగరంలోని ఒక నాట్యశాల కథ అది. అందులో ఆయ్‌షా అనే నర్తకి కనిపిస్తుంది. గొడవలు పడే, కోపం దాచుకోని నల్లజాతి పిల్ల. అదే సినిమాలో జేన్ అవ్రిల్ అనే గాయని పాత్ర కూడా ఉంది. అందమైన దుస్తుల్లో మెట్లు దిగుతూ తీయగా పాడుతుంది. ఆ పాత్ర వేసింది హంగరీ నుంచి వచ్చిన తెల్ల నటి ఝాఝా గాబోర్. కానీ పాడింది ఆమె కాదు. నర్తకి వేషం వేసిన నల్లజాతి యువతే పాడింది. ఆమె పేరు మ్యూరియల్ స్మిత్. తన ముఖానికి దక్కింది పోట్లాటలు. తన గొంతుకు దక్కిన అందమంతా మరొకరి పెదవుల మీదికి వెళ్లింది.

ఆమె జీవితాన్ని మేము ఈ సినిమాతో మొదలుపెట్టడానికి కారణం ఉంది. అణగారిన మనుషుల శ్రమను, కళను వాడుకుంటూ మనిషిని మాత్రం గడప బయటే నిలబెట్టడం మనకు తెలిసిన సంగతే. మన డప్పు కావాలి, మన పాట కావాలి, మనం పక్కన కూర్చుంటే మాత్రం కుదరదు. అమెరికాలో అదే పని వర్ణం పేరుతో జరిగింది.

మ్యూరియల్ 1923 ఫిబ్రవరి 23న న్యూయార్క్‌లో పుట్టింది. ఫిలడెల్ఫియాలోని కర్టిస్ సంగీత విద్యాలయంలో పాశ్చాత్య శాస్త్రీయ గానం నేర్చుకుంది. అక్కడ ఫీజు ఉండదు, ప్రతిభ చూసి చేర్చుకుంటారు. అయినా ఆ తరగతుల్లో నల్లజాతి విద్యార్థులను వేళ్ల మీద లెక్కపెట్టవచ్చు. ఆమెది మెజ్జో-సొప్రానో గొంతు. అంటే పాశ్చాత్య సంగీతంలో అత్యంత పై స్థాయిలో పాడే సొప్రానోకు ఒక మెట్టు కింద, మరికాస్త బరువుగా ఉండే స్త్రీ గాత్రం. కార్మెన్ లాంటి పెద్ద ఒపెరా పాత్రలు ఈ గొంతు కోసమే రాసినవి.

చదువు పూర్తికాకముందే, ఇరవయ్యేళ్ల వయసులో ఆమెకు ఆ పాత్ర దొరికింది. 1943 డిసెంబరులో న్యూయార్క్ బ్రాడ్‌వేలో 'కార్మెన్ జోన్స్' మొదలైంది. బిజే రాసిన ఒపెరా సంగీతాన్ని అలాగే ఉంచి, ఆస్కార్ హామర్‌స్టీన్ కొత్త మాటలు రాశాడు. కథను యుద్ధకాలపు అమెరికాకు మార్చి, అందరూ నల్లజాతి నటులతోనే ఆడించారు. కార్మెన్ పాత్ర గొంతుకు పెద్ద పరీక్ష కాబట్టి ఇద్దరు గాయనులు వంతులవారీగా పాడారు: మ్యూరియల్ స్మిత్, మ్యూరియల్ రాన్. నాటకం 500 ప్రదర్శనలు దాటింది.

ఇంత పేరు వచ్చాక తెల్ల గాయని అయితే ఒపెరా వేదికలు పిలిచేవి. నల్ల గాయనికి న్యూయార్క్ మెట్రోపాలిటన్ ఒపెరా తలుపులు అప్పటికి తెరుచుకోలేదు. ప్రపంచమంతా మెచ్చిన మేరియన్ ఆండర్సన్‌కే ఆ వేదిక ఎక్కడానికి 1955 దాకా పట్టింది. అందుకే మ్యూరియల్ 1949లో లండన్ దారి పట్టింది.

అక్కడ ఆమె నిలదొక్కుకుంది. డ్రూరీ లేన్ థియేటర్‌లో 1951లో 'సౌత్ పసిఫిక్' నాటకంలో బ్లడీ మేరీగా, 1953లో 'ది కింగ్ అండ్ ఐ'లో లేడీ థియాంగ్‌గా నటించి పాడింది. 1953లోనే ఆమె పాడిన ఒక రికార్డు బ్రిటన్ పాటల పట్టికలో మూడో స్థానానికి చేరింది. 1956లో కోవెంట్ గార్డెన్ ఒపెరాలో అసలు కార్మెన్ పాత్రే పాడింది. కానీ ఒకటి గమనించండి. బ్లడీ మేరీ పసిఫిక్ దీవుల్లోని టోంకినీస్ స్త్రీ, లేడీ థియాంగ్ సయాం రాణి. తెల్లవాళ్లు కాని స్త్రీల పాత్రలన్నీ ఒకటే బుట్టలో వేసి, నల్ల గాయనికి అందులోంచే ఏరి ఇచ్చారు.

సినిమాల విషయం ఇంకా చిత్రంగా ఉంటుంది. మన తెలుగువాళ్లకు ప్లేబ్యాక్ కొత్త కాదు. తెర మీద ఎవరు పెదవులు కదిపినా అది ఘంటసాల గొంతనీ, సుశీల గొంతనీ ఇంట్లో పిల్లలకు కూడా తెలుసు. హాలీవుడ్‌లో అలా కాదు. నటే పాడుతోందని జనం నమ్మాలి కాబట్టి గాయని పేరు దాచేవారు. అలా పాడేవాళ్లను దెయ్యపు గాయనులు అనేవారు. మార్నీ నిక్సన్ అనే తెల్ల సొప్రానో కూడా 'వెస్ట్ సైడ్ స్టోరీ', 'మై ఫెయిర్ లేడీ' సినిమాల్లో పెద్ద తారలకు అలాగే గొంతు ఇచ్చింది. అంటే పేరు దాచడం అందరికీ జరిగింది. నల్ల గాయనికి దాని మీద వర్ణం గోడ కూడా తోడైంది.

1954లో 'కార్మెన్ జోన్స్' సినిమా అయింది. డొరొతీ డాండ్రిడ్జ్ నటించి, ఉత్తమ నటి ఆస్కార్‌కు నామినేషన్ పొందిన తొలి నల్లజాతి మహిళ అయింది. ఆ నల్ల ముఖానికి గొంతు ఇచ్చింది మార్లిన్ హార్న్ అనే తెల్ల గాయని. బ్రాడ్‌వేలో ఆ పాటలు పాడి నిలబెట్టిన ఇద్దరు మ్యూరియల్స్ గొంతూ అందులో లేదు.

1958లో 'సౌత్ పసిఫిక్' సినిమా వచ్చింది. బ్లడీ మేరీగా నటించింది జువనీటా హాల్. బ్రాడ్‌వేలో అదే పాత్రకు 1950లో టోనీ అవార్డు గెలిచిన తొలి నల్లజాతి కళాకారిణి ఆమె. అయినా సంగీతకర్త రిచర్డ్ రోజర్స్ కోరిక మేరకు ఆమె పాటలను మ్యూరియల్ చేత పాడించారు. ఒక నల్ల గాయని గొంతు తీసేసి, ఇంకో నల్ల గాయని గొంతు పెట్టి, ఆ రెండో ఆమె పేరు దాచారు. అదే సినిమాలో కథానాయకుడికి పాడిన జార్జియో టోజీ పేరు మాత్రం తెర మీద వేశారు. ఆ పాటల రికార్డు బ్రిటన్ పట్టికలో మొత్తం 115 వారాలు మొదటి స్థానంలో నిలిచింది. అన్ని వారాలూ ఇంటింటా మోగిన బ్లడీ మేరీ గొంతు మ్యూరియల్‌దే. జాతి ద్వేషం పుట్టుకతో రాదు, పిల్లలకు నేర్పితేనే వస్తుందని చెప్పే సినిమాకే ఇలా జరిగింది.

ఆ రోజుల్లోనే నిర్మాత శామ్యూల్ గోల్డ్‌విన్ 'పోర్గీ అండ్ బెస్' సినిమా తీయబోతూ ఆమెను అడిగాడు. హాలీవుడ్‌లో ఏ గాయనీ వదులుకోని అవకాశం. మ్యూరియల్ కాదంది. నల్లవాడ అంటే బిచ్చం, మత్తు, కత్తిపోట్లు అని చూపే కథ తన జనానికి మేలు చేయదని ఆమె అభిప్రాయం. హ్యారీ బెలఫాంటే కూడా ఆ సినిమాను తిరస్కరించాడు. చాలా ఏళ్లు తన గొంతు ఎక్కడ వినిపించాలో ఇతరులు తేల్చారు. ఈసారి ఎక్కడ వినిపించకూడదో ఆమే తేల్చింది. మా దృష్టిలో ఆమె జీవితంలో అన్నిటికంటే పెద్ద ప్రదర్శన అదే.

ఆ తర్వాత ఆమె 'మోరల్ రీ-ఆర్మమెంట్' అనే నైతిక ఉద్యమంలో చేరింది. వాళ్లు రూపొందించిన 'ది క్రౌనింగ్ ఎక్స్‌పీరియన్స్' సంగీత నాటకాన్ని 1958లో, వర్ణవివక్ష రాజ్యమేలుతున్న అట్లాంటాలో ప్రదర్శించింది. 1960లో అది సినిమా అయింది. అందులో ఆమె ప్రధాన పాత్రకు ఆధారం మేరీ మెక్‌లియోడ్ బెతూన్ జీవితం. బానిసలుగా బతికిన తల్లిదండ్రులకు పుట్టి, 1904లో ఐదుగురు ఆడపిల్లలతో ఫ్లోరిడాలో బడి తెరిచిన మహిళ ఆమె. మన సావిత్రీబాయిని తెలిసినవాళ్లకు ఆమె గొప్పతనం వేరే చెప్పక్కర్లేదు. మ్యూరియల్ ముఖమూ గొంతూ పేరూ మూడూ కలిసి ప్రధాన పాత్రగా తెరకెక్కింది ఇక్కడే.

ఈ ఉద్యమంతో మాకు పేచీ ఉంది. మనుషుల మనసు మారితే సమాజం మారుతుందన్నది దాని నమ్మకం. హృదయ పరివర్తనతో కులం పోతుందన్న మాటను అంబేద్కర్ ఎందుకు ఒప్పుకోలేదో మన విద్యార్థులకు తెలుసు. హక్కులు, చట్టం, పోరాటం లేకుండా దయ మీద ఆధారపడితే ఏమవుతుందో మన వాడల అనుభవం చెబుతుంది. మ్యూరియల్ ఎంచుకున్న దారిని ప్రశ్నించవచ్చు. కానీ డబ్బూ పేరూ వచ్చే దారిని వదిలి, తన జనం తలెత్తుకునే పాత్రను వెతుక్కుందన్నది కాదనలేం.

చివరి రోజుల్లో ఆమె వర్జీనియా రాష్ట్రం రిచ్‌మండ్‌లో స్థిరపడింది. బానిసత్వం నుంచి విడుదలైనవాళ్ల చదువు కోసం 1865లో మొదలైన వర్జీనియా యూనియన్ విశ్వవిద్యాలయంలో గానం నేర్పింది. బెతూన్ స్థాపించిన నల్లజాతి మహిళల జాతీయ మండలి 1984లో ఆమెను సత్కరించింది. 1985 సెప్టెంబరు 13న, 62 ఏళ్ల వయసులో కన్నుమూసింది.

'సౌత్ పసిఫిక్' సినిమా ఇప్పటికీ దొరుకుతుంది. చూస్తే, బ్లడీ మేరీ సముద్రం వైపు చెయ్యి చూపుతూ దూరపు దీవి గురించి పాడే చోట కాసేపు ఆగి వినండి. నటించింది జువనీటా హాల్, పాడింది మ్యూరియల్ స్మిత్. పక్కన కూర్చున్నవాళ్లకు ఆ రెండు పేర్లూ చెప్పండి.