అవధ్ రాజమాత బేగం హజ్రత్ మహల్

1857వ సంవత్సరం పేరెత్తగానే మన కన్నుల ముందు మెదలే స్త్రీమూర్తి ఝాన్సీ లక్ష్మీబాయి. ఆ వీరనారికి లభించిన కీర్తి సర్వవిధాల ఉచితమైనదే. అయితే అదే సంవత్సరంలో లక్నో నగరంలో పన్నెండేళ్ళ కుమారుని సింహాసనంపై కూర్చుండబెట్టి, రాజ్యభారాన్ని తాను వహించి, ఎనిమిది మాసాలకు పైగా ఆంగ్లేయులతో పోరు సాగించిన మరొక మహిళ ఉన్నది. ఆమెయే బేగం హజ్రత్ మహల్. ఈ వ్యాసంలో ఆమె శౌర్యంతోపాటు ఆమె వివేకాన్ని గురించి ముఖ్యంగా చెప్పదలచుకున్నాము. ఎందువలననగా, అవధ్ రాజ్యం చాలా వరకు యుద్ధరంగంలో పోయినది కాదు. ఒడంబడికల మీద పోయినది. ఆ సంగతిని గ్రహించి లోకానికి బహిరంగంగా చెప్పినవారిలో ఆమె అగ్రగణ్య.

ఆమె జీవితం అర్థం కావాలంటే ముందుగా ఆ రాజ్యం కథ కొంత తెలియాలి. 1764లో బక్సర్ యుద్ధంలో అవధ్ నవాబు షుజాఉద్దౌలా పరాజితుడైనాడు. మరుసటి సంవత్సరం అలహాబాదు సంధి ప్రకారం 50 లక్షల రూపాయల నష్టపరిహారం చెల్లించవలసి వచ్చింది. 1775లో కాశీ ప్రాంతం కంపెనీ పరమైంది. నవాబు రక్షణ కొరకని కంపెనీ తన సైన్యాన్ని అవధ్‌లో నిలిపి, దాని ఖర్చును నవాబు మీదనే వేసింది. ఖర్చు ఏటేటా పెరిగింది, బకాయిలు పేరుకున్నాయి. చివరకు 1801లో గవర్నరు జనరల్ వెల్లెస్లీ ఒత్తిడికి లొంగి నవాబు సాదత్ అలీఖాన్ ఆ ఖర్చు క్రింద రోహిల్‌ఖండ్, గోరఖ్‌పూర్, దిగువ దోఆబ్ ప్రాంతాలను, అనగా సుమారు సగం రాజ్యాన్ని, కంపెనీకి వ్రాసి ఇచ్చినాడు.

ఈ పద్ధతి మన ప్రాంతానికి క్రొత్తది కాదు. అదే వెల్లెస్లీ కాలంలో, అంతకు ఒక్క సంవత్సరం ముందు, 1800లో హైదరాబాదు నిజాం కూడా కంపెనీ సైన్యం ఖర్చు క్రిందనే బళ్ళారి, కడప, అనంతపురం ప్రాంతాలను ధారాదత్తం చేసినాడు. నేడు మనం రాయలసీమ అని పిలుచుకుంటున్న భూమికి దత్తమండలాలన్న పేరు వచ్చినది ఆ విధంగానే. లక్నో కథను దూరదేశపు కథగా తలచనక్కరలేదని చెప్పుటకే ఈ విషయాన్ని జ్ఞాపకం చేస్తున్నాము.

సగం రాజ్యం పోయిన తరువాత కూడా అవధ్ ధనం కంపెనీకి ఉపయోగపడుతూనే వచ్చింది. 1814లో నేపాల్‌తో యుద్ధం ఆరంభమైనప్పుడు కంపెనీ అవధ్ నుండి రెండు కోట్ల రూపాయలు అప్పుగా తీసుకొన్నది. అందులో ఒక కోటికి బదులుగా, నేపాల్ నుండి గెలుచుకొన్న తెరాయి భూములను అవధ్‌కు కట్టబెట్టింది. ఈ తెరాయి మాట పాఠకులు గుర్తుంచుకోవలెనని కోరుతున్నాము.

ఇటువంటి రాజ్యంలో, సుమారు 1820 ప్రాంతంలో, ఫైజాబాదులో ఒక సామాన్య కుటుంబంలో ముహమ్మదీ ఖానం అనే బాలిక జన్మించింది. పేదరికం ఆమెను లక్నో రాజభవనంలోని పరీఖానాకు చేర్చింది. అక్కడ బాలికలకు సంగీత నృత్యాలు నేర్పేవారు. యువరాజు వాజిద్ అలీషా ఆమెను ఆదరించి పరిణయమాడినాడు. 1845లో కుమారుడు బిర్జిస్ ఖద్ర్ జన్మించిన పిదప ఆమెకు హజ్రత్ మహల్ అన్న బిరుదు లభించింది. 1847లో వాజిద్ అలీషా సింహాసనమెక్కినాడు. ఆయనకు ఎందరో భార్యలు. ఆ అంతఃపురంలో ఆమె స్థానం ఏమంత గొప్పది కాదు.

1856 ఫిబ్రవరిలో, పరిపాలన సవ్యంగా లేదన్న కారణం చూపి, డల్హౌసీ అవధ్‌ను కంపెనీ రాజ్యంలో కలిపివేసినాడు. రెసిడెంటు ఔట్రం ఒక క్రొత్త ఒడంబడికను తెచ్చి సంతకం కోరినాడు. అధికారం కంపెనీకి అప్పగిస్తే ఏటా 12 లక్షల రూపాయల భరణం ఇస్తామన్నారు. వాజిద్ అలీషా తన తలపాగాను తీసి ఔట్రం చేతిలో పెట్టినాడు గాని సంతకం మాత్రం చేయలేదు. సంతకం లేకుండానే రాజ్యం పోయింది. ఆయన కలకత్తా వెళ్ళిపోయినాడు. రాజు తల్లి వృద్ధాప్యంలో సముద్రాలు దాటి, విక్టోరియా రాణికి మొరపెట్టుకొనుటకు లండను వరకు వెళ్ళింది. న్యాయం లభించలేదు. తిరుగు ప్రయాణంలో 1858 జనవరిలో పారిస్ నగరంలో ఆమె కన్నుమూసింది.

రాజు వెంట కలకత్తా వెళ్ళక లక్నోలో మిగిలిపోయినవారిలో హజ్రత్ మహల్ ఒకతె. ఆమె చూస్తుండగానే నగరం దైన్యం పాలైంది. రాజు సైన్యం రద్దు కావడంతో వేలాది సిపాయిలు వీధిన పడ్డారు. దర్బారును నమ్ముకొని బ్రతికే కళాకారులు, చేతిపనివారు ఉపాధి కోల్పోయారు. గ్రామాలలో క్రొత్త భూమి శిస్తు ఏర్పాటు వలన తాలూక్‌దార్ల చేతిలోని గ్రామాలు 67 శాతం నుండి 38 శాతానికి తగ్గిపోయాయి. కంపెనీ బెంగాల్ సైన్యంలోని సిపాయిలలో ఎందరో అవధ్ రైతుబిడ్డలే. ఇంటి కష్టం పటాలానికి చేరింది.

1857 మే 30న లక్నో దండులో తిరుగుబాటు చెలరేగింది. జూన్ 30న చిన్‌హట్ వద్ద హెన్రీ లారెన్సు సైన్యం ఓడిపోయి రెసిడెన్సీలోనికి తలదాచుకొన్నది. సిపాయిలకు విజయం చేతికందినది గాని, నాయకత్వం లేదు. రాజవంశంలో ఒకరిని గద్దెపై నిలపాలనుకొన్నప్పుడు, కలకత్తాలో ఆంగ్లేయుల చేతిలో ఉన్న రాజుకు ఏ ముప్పు వస్తుందోనన్న భయంతో ఇతర బేగంలు వెనుకాడినారు. రాజా జైలాల్ సింగ్ మధ్యవర్తిత్వం నెరపగా, తన కుమారుని ముందుకు పంపినది హజ్రత్ మహల్. జులై మొదటి వారంలో బిర్జిస్ ఖద్ర్‌కు పట్టాభిషేకం జరిగింది. ఢిల్లీ చక్రవర్తికి లోబడి పాలించుటకు ఆమె అంగీకరించింది. షరఫుద్దౌలా ప్రధానిగా, మహారాజా బాలకృష్ణ ఆర్థిక వ్యవహారాల అధికారిగా, జైలాల్ సింగ్ సైనిక వ్యవహారాలకు బాధ్యుడుగా నియమితులైనారు. ఆ ప్రభుత్వంలో హిందువులకు, ముస్లింలకు సమాన గౌరవం లభించిందనుటకు ఈ నియామకాలే సాక్ష్యం.

అదే జులై 17న హైదరాబాదులో తుర్రెబాజ్ ఖాన్, మౌల్వీ అలావుద్దీన్ నాయకత్వాన ప్రజలు అక్కడి రెసిడెన్సీపై దాడి చేసినారు. నిజాం ప్రభుత్వం కంపెనీ పక్షాన నిలవడం వలన ఆ ప్రయత్నం విఫలమైంది. లక్నోలో రాజకుటుంబమే ప్రజల పక్షాన నిలిచింది. ఇదే ఆ రెండు నగరాలకు గల భేదం.

అయితే అభిమానంతో సత్యాన్ని మరుగుపరచరాదు. లక్నో నాయకులలో ఐకమత్యం కొరవడింది. మౌల్వీ అహ్మదుల్లాషా వర్గానికి, బేగం దర్బారుకు నడుమ స్పర్ధలు తలెత్తాయి. ఆ ఉద్రేకంలో కొందరు ఆంగ్ల బందీలను చంపివేయడం కూడా జరిగింది. సెప్టెంబరులో ఢిల్లీ పతనమైంది. సెప్టెంబరు 25న ఔట్రం, హావ్‌లాక్ రెసిడెన్సీని చేరుకొన్నారు. నవంబరులో కాలిన్ క్యాంప్‌బెల్ వచ్చి లోపలివారిని విడిపించుకొని పోయినాడు. అయినా నగరం బేగం చేతిలోనే ఉన్నది. ఆలంబాగ్ వద్ద శత్రువుపై దాడి జరిగినప్పుడు ఆమె స్వయంగా ఏనుగునెక్కి రణరంగానికి వచ్చింది. 1858 మార్చిలో క్యాంప్‌బెల్ మహాసైన్యంతోను, నేపాల్ ప్రధాని జంగ్ బహదూర్ గూర్ఖా దళాలతోను తిరిగి రాగా లక్నో కూలిపోయింది. కైసర్‌బాగ్ రాజభవనాలు దోపిడీ పాలైనాయి. బేగం కుమారునితో నగరం విడిచి, బహ్‌రాయిచ్ ప్రాంతంలోని బౌండీ కోటను తన దర్బారుగా చేసుకొన్నది.

1858 నవంబరు 1న విక్టోరియా రాణి ప్రకటన వెలువడింది. కంపెనీ పాలన అంతరించిందని, పూర్వపు ఒడంబడికలను గౌరవిస్తామని, మతవిషయాలలో జోక్యం చేసుకోబోమని, హత్యలలో పాల్గొనని వారిని క్షమిస్తామని ఆ ప్రకటన సారాంశం. అలసిపోయిన తాలూక్‌దార్లకు అది ఆశ చూపింది. అప్పుడు బేగం, బిర్జిస్ ఖద్ర్ పేరిట ఒక ప్రతిప్రకటన చేయించింది. మా దృష్టిలో ఆమె జీవితంలో మహత్తర ఘట్టం ఇదే.

రాణి ప్రకటనను ఆమె అంశాల వారీగా పరీక్షకు పెట్టింది. కంపెనీ ఏర్పాట్లన్నీ యథాతథంగా ఉండేటట్లయితే మారినదేమిటని నిలదీసింది. గౌరవిస్తామంటున్న ఒడంబడికలను ఇంతవరకు ఎవరి విషయంలో గౌరవించినారని ప్రశ్నించి భరత్‌పూర్, లాహోర్, కాశీ, పీష్వాల ఉదంతాలను, మన దక్షిణాది టిపూ సుల్తాను ఉదంతాన్ని కూడా ఎత్తిచూపింది. సైన్యం జీతాల నెపంతో సగం రాజ్యం తీసుకొని, మిగిలినదానిని ముట్టబోమని వ్రాసి ఇచ్చి, దానినీ కాజేసిన వైనాన్ని వివరించింది. రాజు పాలనపై ప్రజలకు అసంతృప్తి ఉన్నదన్న నెపాన్ని కూడా విడిచిపెట్టలేదు. ఆ ప్రజలే నేడు ఎవరి పక్షాన ప్రాణాలిస్తున్నారో చూడమన్నది. న్యాయపాలనకు, క్రైస్తవమతం సత్యమని చాటుటకు సంబంధమేమిటని అడిగింది. ఈ దేశీయులకు చూపుతున్న బ్రతుకుతెరువు రోడ్లు వేయడం, కాలువలు త్రవ్వడం మాత్రమేనని హెచ్చరించింది. ఓటమి అంచున నిలిచి, ఒక సామ్రాజ్ఞి మాటను ఇంత నిదానంగా తూచి చూడగలగడం సామాన్య విషయం కాదు.

కాని సైన్యాలు చుట్టుముట్టాయి. తాలూక్‌దార్లు ఒక్కొక్కరే లొంగి తమ భూములు తిరిగి పొందినారు. రాజా జైలాల్ సింగ్‌ను 1859లో ఉరితీసినారు. బేగం మిగిలిన అనుచరులతో తెరాయి అడవుల మీదుగా నేపాల్ చేరుకొన్నది. జంగ్ బహదూర్ మొదట అంగీకరించకపోయినా చివరకు ఆశ్రయమిచ్చినాడు. ఆయన చేసిన సహాయానికి ప్రతిఫలంగా ఆంగ్లేయులు 1860లో పడమటి తెరాయి భూములను నేపాల్‌కు ఇచ్చివేసినారు. పూర్వం అవధ్ ధనానికి బదులుగా అవధ్‌కు వచ్చిన భూములే అవి. అవధ్ భూమితోనే అవధ్ పతనానికి బహుమానం ముట్టినదన్నమాట.

లొంగిపోతే భరణం ఇస్తామని ఆంగ్లేయులు ఆమెకు వర్తమానం పంపినారు. ఆమె స్వీకరించలేదు. ఇరవై సంవత్సరాలు పరాయి దేశంలో జీవించి, 1879 ఏప్రిల్ 7న ఖాట్మండులో తనువు చాలించింది. అక్కడి జామా మసీదు ఆవరణలో ఆమె సమాధి ఉన్నది. 1962లో లక్నోలోని విక్టోరియా పార్కుకు ఆమె పేరు పెట్టినారు. 1984లో భారత ప్రభుత్వం ఆమె స్మారకంగా తపాలా బిళ్ళ వెలువరించింది.

లక్నో రెసిడెన్సీ నేటికీ శిథిలంగానే నిలిచి ఉన్నది. హైదరాబాదులో నాడు ప్రజలు దాడి చేసిన కోఠీ రెసిడెన్సీ మాత్రం 1949లో మహిళా కళాశాలకు నిలయమైంది. ఒకనాడు రాజ్యాల తలవ్రాతలు నిర్ణయించిన ఆ భవనంలో తరువాత మన ఆడపిల్లలు చదువుకున్నారు. పరీఖానా నుండి వచ్చిన ఒక పేద బాలిక పెద్దదై సామ్రాజ్య ప్రకటనను పంక్తి పంక్తిగా చదివించి, ప్రతి వాగ్దానానికి ఋజువు అడిగింది. సోదర సోదరీ విద్యార్థులారా, చదువుకు ఇంతకంటె మంచి ప్రయోజనం ఏమున్నది? సంతకం చేసే ముందు చదవడం, చదివిన దానిని ప్రశ్నించడం ఆమె జీవితం నుండి మనం గ్రహించవలసిన పాఠమని విన్నవించుకుంటూ, ఆ మహనీయురాలి స్మృతికి మా నివాళి అర్పిస్తున్నాము.