ఒక్క రెడ్ కార్డు లేదు.. ఏడు లీగ్ టైటిళ్లు, ఓ వరల్డ్ కప్.. 36 ఏళ్లకే మంటల్లో.. ఎవరీ గయెటానో షిరేయా?

ఫుట్‌బాల్‌లో డిఫెండర్ పనేంటి? అవతలి టీమ్ స్ట్రైకర్‌ను ఆపడం. బంతి అందకపోతే చొక్కా పట్టి లాగడం, కాలు అడ్డం పెట్టడం, మరీ తప్పదనుకుంటే కింద పడేయడం.. 1970, 80ల్లో ఇదంతా ఆ ఉద్యోగంలో భాగమే అనుకునేవారు. అందులోనూ ఇటలీ డిఫెండర్లంటే ప్రత్యర్థులకు హడల్. సరిగ్గా ఆ కాలంలో, ఆ దేశంలోనే ఓ డిఫెండర్ పదహారేళ్లు ఆడాడు. ఒక్కసారి కూడా రెడ్ కార్డు చూడలేదు. అతనే గయెటానో షిరేయా.

మెత్తగా ఆడాడు కదా, మరి గెలిచిందేంటి అంటారా? దాదాపు అన్నీ గెలిచాడు. కానీ 36 ఏళ్లకే, సొంత దేశానికి దూరంగా ఓ హైవే మీద కన్నుమూశాడు. అది కూడా క్లబ్ పని మీద వెళ్లి.

కార్మిక కుటుంబం నుంచి..

1953 మే 25న ఇటలీలోని మిలన్ నగరానికి దగ్గర్లో ఉన్న చెర్నుస్కో సుల్ నవీల్యోలో షిరేయా పుట్టాడు. తండ్రిది దక్షిణాదిన ఉన్న సిసిలీ. బతుకుదెరువు కోసం దక్షిణం నుంచి ఉత్తరాది ఫ్యాక్టరీలకు వేలాది కుటుంబాలు తరలివచ్చిన రోజులవి. షిరేయా పెరిగింది మిలన్ శివారు పట్టణం చినిసెల్లో బాల్సమోలో. బంతి తన్నడం నేర్చుకుంది కూడా అక్కడి చిన్న క్లబ్‌లోనే.

ఆ తర్వాత బెర్గామో నగరానికి చెందిన అటలాంటా క్లబ్ అతడిని తీసుకుంది. మొదట్లో షిరేయా డిఫెండర్ కాదు. ముందు వరసలో, మిడ్‌ఫీల్డ్‌లో ఆడేవాడు. అటలాంటాలోనే వెనక్కి మారాడు. 1972 సెప్టెంబర్‌లో ఇటలీ టాప్ లీగ్ సిరీ-ఏలో తొలి మ్యాచ్ ఆడాడు. అప్పటికి వయసు 19. రెండేళ్లు తిరిగేసరికి టురిన్‌లోని యువెంటస్ నుంచి పిలుపొచ్చింది. సీనియర్ డిఫెండర్ సాండ్రో సాల్వడోరే రిటైరైన చోటును 21 ఏళ్ల కుర్రాడికి అప్పగించారు.

అసలు లిబెరో అంటే ఏంటి?

షిరేయా ఆడిన స్థానాన్ని ఇటలీలో లిబెరో అంటారు. అంటే స్వేచ్ఛగా ఉండేవాడు అని. మిగతా డిఫెండర్లకు ఒక్కొక్కరికి ఒక్కో స్ట్రైకర్‌ను అప్పగిస్తారు. వాళ్లు అతడిని నీడలా వెంటాడాలి. లిబెరోకు మాత్రం అలా ఎవరినీ అప్పగించరు. అందరి వెనక, గోల్‌కీపర్‌కు ముందు ఉంటాడు. ముందున్నవాళ్లను దాటుకుని ఎవరైనా వస్తే ఆపాల్సింది అతనే. అతను కూడా తప్పాడంటే ఇక గోలే.

చాలామంది లిబెరోలు వచ్చిన బంతిని వచ్చినట్టు దూరంగా తన్నేసి ఊపిరి పీల్చుకునేవారు. షిరేయా అలా కాదు. పాస్ ఎటు వెళ్తుందో ముందే పసిగట్టి, అది స్ట్రైకర్‌కు చేరకముందే మధ్యలో అందుకునేవాడు. అందుకే అతడికి ఎవరినీ పడగొట్టాల్సిన అవసరమే పెద్దగా రాలేదు. పైగా మిడ్‌ఫీల్డర్‌గా మొదలైనవాడు కదా.. బంతి కాళ్ల దగ్గర ఉంటే కంగారుపడేవాడు కాదు. తల ఎత్తి చూసి, తనే ముందుకు నడిపించి ఎటాక్ మొదలుపెట్టేవాడు.

1974 నుంచి 1988 వరకు.. మొత్తం 14 సీజన్లు యువెంటస్‌కే ఆడాడు. 552 మ్యాచ్‌లు, 32 గోల్స్. ఆ క్లబ్ తరఫున అత్యధిక మ్యాచ్‌ల రికార్డు చాలా ఏళ్లు అతడి పేరు మీదే ఉంది. 2008లో అలెస్సాండ్రో డెల్ పియెరో వచ్చి దాన్ని దాటాడు. ఇక ట్రోఫీలంటారా.. ఏడు లీగ్ టైటిళ్లు, రెండు ఇటాలియన్ కప్‌లు. యూరప్‌లో 1977లో యుయెఫా కప్, 1984లో కప్ విన్నర్స్ కప్, 1985లో యూరోపియన్ కప్. అప్పట్లో యూరప్‌లో ఉన్న మూడు పెద్ద క్లబ్ ట్రోఫీలూ గెలిచిన తొలి ఆటగాళ్లలో షిరేయా ఒకడు.

మాడ్రిడ్‌లో ఆ రాత్రి..

1982 వరల్డ్ కప్ స్పెయిన్‌లో జరిగింది. ఇటలీ ఆరంభం దారుణం. తొలి రౌండ్‌లో మూడు మ్యాచ్‌లూ డ్రా. సొంత దేశం పత్రికలు ఉతికి ఆరేశాయి. ఆటగాళ్లు ఏకంగా మీడియాతో మాట్లాడటమే మానేశారు. ఆ తర్వాత సీన్ మారిపోయింది. అర్జెంటీనాపై 2-1, బ్రెజిల్‌పై 3-2, సెమీస్‌లో పోలండ్‌పై 2-0.. చకచకా ఫైనల్‌కు వచ్చేసింది.

జులై 11. మాడ్రిడ్‌లో పశ్చిమ జర్మనీతో ఫైనల్. తొలి సగంలో ఇటలీ పెనాల్టీ మిస్ చేసింది. రెండో సగంలో పావ్లో రోసీ గోల్ కొట్టడంతో 1-0 ఆధిక్యం. అలాంటప్పుడు ఏ డిఫెండర్ అయినా ఏం చేస్తాడు? వెనకే నిలబడి కాపలా కాస్తాడు. షిరేయా మాత్రం బంతితో పాటు ముందుకు వెళ్లాడు. జర్మనీ పెనాల్టీ ఏరియాలోకి వెళ్లి, 18 ఏళ్ల బెర్గోమితో బంతిని ఇచ్చిపుచ్చుకుని, వెనకున్న మార్కో టార్డెల్లికి అందించాడు. టార్డెల్లి ఎడమ కాలితో కొట్టాడు. గోల్.. 2-0!

పిడికిళ్లు బిగించి, అరుస్తూ, ఏడుస్తూ టార్డెల్లి పరుగెత్తిన దృశ్యాన్ని ప్రపంచం ఇప్పటికీ మర్చిపోలేదు. ఆ పాస్ ఇచ్చిందెవరో మాత్రం చాలామందికి గుర్తుండదు. చివరికి ఇటలీ 3-1తో గెలిచి ప్రపంచ చాంపియన్ అయింది. గోల్‌కీపర్, కెప్టెన్ డినో జోఫ్, షిరేయా రూమ్మేట్స్. ఇద్దరూ పెద్దగా మాట్లాడని మనుషులే. బయట దేశమంతా సంబరాల్లో ఉంటే, వీళ్లిద్దరూ పెందలాడే హోటల్ గదికి చేరి ప్రశాంతంగా గడిపారు.

మాట్లాడక తప్పని రోజు

1985 మే 29. బ్రసెల్స్‌లోని హేసెల్ స్టేడియం. లివర్‌పూల్‌తో యూరోపియన్ కప్ ఫైనల్. అప్పటికి యువెంటస్ కెప్టెన్ షిరేయానే. మ్యాచ్ మొదలవకముందే లివర్‌పూల్ అభిమానులు కొందరు పక్క గ్యాలరీలోని జనం మీదకు దూసుకెళ్లారు. తొక్కిసలాట.. గోడ కూలింది. 39 మంది చనిపోయారు. వారిలో ఎక్కువమంది ఇటలీవాళ్లే.

మ్యాచ్ రద్దు చేస్తే గొడవలు ఇంకా ముదురుతాయని అధికారులు భయపడ్డారు. ఆడించాలనే నిర్ణయించారు. రెండు జట్ల కెప్టెన్లనూ మైక్ ముందుకు తెచ్చారు. జీవితమంతా తక్కువ మాట్లాడిన షిరేయా, ఆ రాత్రి వేలమంది అభిమానులకు నచ్చజెప్పాల్సి వచ్చింది. పోలీసులు పరిస్థితిని చక్కదిద్దడానికే మ్యాచ్ ఆడుతున్నామని, శాంతంగా ఉండాలని, ఎవరు రెచ్చగొట్టినా స్పందించొద్దని కోరాడు. ప్లాటిని పెనాల్టీతో యువెంటస్ 1-0తో గెలిచింది. క్లబ్ ఎన్నో ఏళ్లుగా ఎదురుచూసిన ట్రోఫీ అది. కానీ వచ్చింది 39 శవాల మధ్య.

పోలండ్ రోడ్డు మీద..

1986 వరల్డ్ కప్‌లో ఇటలీకి కెప్టెన్‌గా ఆడి, జాతీయ జట్టుకు గుడ్‌బై చెప్పాడు. దేశం తరఫున మొత్తం 78 మ్యాచ్‌లు. 1988లో ఆట పూర్తిగా ఆపేశాడు. యువెంటస్ కోచ్‌గా వచ్చిన పాత స్నేహితుడు జోఫ్‌కు అసిస్టెంట్‌గా చేరాడు.

1989 యుయెఫా కప్ తొలి రౌండ్‌లో యువెంటస్‌కు పోలండ్ క్లబ్ గోర్నిక్ జబ్జే ఎదురైంది. వాళ్ల ఆట చూసి రావడానికి షిరేయా పోలండ్ వెళ్లాడు. పని ముగించుకుని సెప్టెంబర్ 3న కారులో వార్సా బయల్దేరాడు. ఆ రోజుల్లో పోలండ్‌లో పెట్రోలు దొరకడమే గగనం. దారిలో ఇబ్బంది రాకూడదని డిక్కీలో పెట్రోలు డబ్బాలు పెట్టుకున్నారు. బాబ్స్క్ అనే ఊరి దగ్గర కారు మరో వాహనంతో ఢీకొంది. అంతే.. క్షణాల్లో మంటలు. కారులో ఉన్న నలుగురిలో ముగ్గురు చనిపోయారు. షిరేయా కూడా.

అదే రోజు యువెంటస్ వెరోనాలో మ్యాచ్ ఆడి గెలిచింది. ఆదివారం రాత్రి ఇటలీ టీవీ స్పోర్ట్స్ షో నడుస్తుండగా ఈ వార్త వచ్చింది. స్టూడియోలో అతిథిగా కూర్చున్నది ఎవరో తెలుసా? మార్కో టార్డెల్లి. ఏడేళ్ల కిందట మాడ్రిడ్‌లో షిరేయా పాస్ అందుకున్నవాడు. లైవ్‌లోనే కుప్పకూలిపోయి, స్టూడియో నుంచి లేచి వెళ్లిపోయాడు. షిరేయాకు భార్య, ఓ కొడుకు ఉన్నారు.

షిరేయా చూడటానికి వెళ్లిన ఆ గోర్నిక్‌ను యువెంటస్ ఓడించింది. అక్కడితో ఆగలేదు. జోఫ్ కోచింగ్‌లో ఆ సీజన్ యుయెఫా కప్‌నే గెలిచింది.

ఇప్పటికీ షిరేయా పెరిగిన చినిసెల్లో బాల్సమోలో అతడి పేరిట ఏటా ఓ అవార్డు ఇస్తున్నారు. గోల్స్ కోసం కాదు, పద్ధతిగా ఆడినందుకు. టురిన్‌లో యువెంటస్ వీరాభిమానులు నిలబడే సౌత్ స్టాండ్‌కు కూడా అతడి పేరే పెట్టారు. స్టేడియంలో అందరికంటే గట్టిగా అరిచే చోటు అది. మైదానంలో గొంతు ఎత్తని మనిషి పేరు అక్కడ నిలిచింది.