సర్ ఆబ్రీ స్మిత్

1863లో లండనున జన్మించిన ఆబ్రీ స్మిత్ తొలుత క్రికెట్ క్రీడాకారుడుగా పేరొందెను. 1889లో దక్షిణాఫ్రికాలో ఇంగ్లండు జట్టునకు నాయకుడై జయము గొనెను. ఆయన యాడిన టెస్టు అదియొక్కటియే. పిదప రంగస్థలము నాశ్రయించి, 1896లో ‘ప్రిజనర్ ఆఫ్ జెండా’ నాటకమున నటించెను. 1937లో అదే కథ చలనచిత్రమైనప్పుడు వృద్ధసేనాని జాప్టు పాత్రను ధరించెను.

హాలీవుడ్డున ఆయనకు స్థిరపడిన వేషము ఆంగ్ల సైన్యాధికారి వేషము. గుబురు కనుబొమ్మలు, నిటారైన విగ్రహము అందుకు తోడ్పడెను. 1935 నాటి ‘బెంగాల్ లాన్సర్’ చిత్రమునను, 1937 నాటి ‘వీ విల్లీ వింకీ’లోను ఆయన హిందూదేశపు వాయవ్య సరిహద్దును కాచు దొర. ఆ చిత్రములలో మనవారు చాలవరకు నౌకరులో, తిరుగుబాటుదారులో. దోషము కథలదే, కాని చూచువారు సామ్రాజ్యమును ధర్మమని నమ్మినది ఆ గంభీరమైన ముఖమును బట్టియే యని చెప్పక తప్పదు.

1944లో సర్ బిరుదము లభించెను. 1948 డిసెంబరులో, 85వ యేట, బెవర్లీ హిల్సున మరణించెను. ఆయన చిత్రాలలో కాపాడిన సరిహద్దునుండి ఆంగ్లప్రభుత్వము తొలగి అప్పటికి ఏడాది దాటెను.