డాక్టరు ప్రభాకరరెడ్డి

సూర్యాపేట, కోదాడ, మిర్యాలగూడ అనగానే మన పాఠకులకు వెట్టిచాకిరి, దేశముఖుల గడీలు, 1946 మొదలు 1951 వరకు సాగిన రైతాంగ సాయుధ పోరాటము స్ఫురించుట సహజము. చలనచిత్రములు స్ఫురించుట అరుదు. అయినను కోదాడ సమీపమున గుడిబండలో జన్మించిన శ్రీ కాంతారావు జానపద చిత్రములలో కత్తి పట్టి తెలుగుదేశమంతట పిల్లల నోళ్ల నానిరి. ఆయనకంటె పన్నెండేండ్లు చిన్నవారు శ్రీ మందడి ప్రభాకరరెడ్డి. 1935 అక్టోబరు 8వ తేదీన, సూర్యాపేటకు ఉత్తరముననున్న తుంగతుర్తిలో జన్మించిరి. ఈయన చేతికి కత్తి రాలేదు. తండ్రిగా, అన్నగా, పోలీసు అధికారిగా, ప్రతినాయకునిగా నాలుగువందలకు పైబడిన చిత్రములలో కనుపించిరి. నాయకుల చరిత్రలు వ్రాయువారు కొల్లలుగా నున్నారు. ఇట్టి నటుల చరిత్రను తలపెట్టువారు అరుదు గనుక మేమీ నాలుగు మాటలు వ్రాయుచున్నాము.

ఆయన బాల్యము నిజాము పాలనలో గడచెను. రాజభాష ఉర్దూ, తెలుగు ఇంటిభాష. 1948 సెప్టెంబరులో నిజాము సైన్యము లొంగిపోవునాటికి ఆయనకు ఇంకను పదమూడేండ్లు నిండలేదు. సంఘములు, దళములు, రజాకార్లు, పోలీసు క్యాంపులు — వీనినడుమ పెరిగిన పల్లెబిడ్డ ఉస్మానియా వైద్య కళాశాలలో చదివి డాక్టరగుట ఆ కాలమున సామాన్య విషయము కాదు. జ్వరము వచ్చిన నాటువైద్యునికి మ్రొక్కు ప్రాంతమునుండి వచ్చిన ఒక డాక్టరు స్టెతస్కోపు వదలి ముఖమునకు రంగు పూసికొనుట మాకు కొంత కష్టముగానే తోచును. కాని ఒకరి మనస్సు ఏ వృత్తిని వరించునో ఎవరు నిర్ణయింపగలరు?

1960లో శ్రీ గుత్తా రామినీడు దర్శకత్వమున వెలువడిన ‘చివరకు మిగిలేది’ ఆయనకు తొలిచిత్రము. అసిత్ సేన్ తీసిన వంగచిత్రమునకు అది తెలుగు రూపము. మానసిక చికిత్సాలయములోని ఒక నర్సు కథ. ఆ నర్సు పాత్రను సావిత్రి ధరించెను. వైద్యశాస్త్రము చదివినవానికి ఇంతకంటె తగిన ప్రవేశద్వారము దొరకదు.

నాడు తెలుగుచిత్రములకు మదరాసే రాజధాని. తెరమీద వినవచ్చు భాష కృష్ణా గుంటూరు మండలములది. తెలంగాణపు పలుకుబడిని నవ్వు పుట్టించుటకో, రౌడీని చూపుటకో మాత్రమే చాలకాలము వాడిరి. ఇట్టి చోట తుంగతుర్తివాడు ముప్పదియేడేండ్లు నిలద్రొక్కుకొనుట చిన్న విజయము కాదు. అంతేకాక కలమును గూడ పట్టిరి. 1972లో వెలువడిన ‘పండంటి కాపురం’ కథ ఆయనదే. ఉమ్మడి కుటుంబపు అతుకులు విడిపోవుటను చూపిన ఆ చిత్రము ఆ ఏటి ఉత్తమ తెలుగు చిత్రముగా జాతీయ బహుమానము పొందెను. ‘గాంధి పుట్టిన దేశం’ కథయు ఆయనదే. ‘యువతరం కదిలింది’ (1980), ‘పల్లె పిలిచింది’ (1981) చిత్రములకు వరుసగా రెండేండ్లు ఉత్తమ నటునిగా నంది బహుమానమందుకొనిరి. సాధారణముగా కథానాయకులకే దక్కు ఆ గౌరవము పక్కపాత్రలవానికి దక్కుట మాకు మిక్కిలి సంతోషకరము. 1974లో ‘భూమి కోసం’ చిత్రమున మూడు నిమిషముల నృత్యమాడిన రాజమహేంద్రవరపు బాలిక లలితారాణికి జయప్రద యను పేరు పెట్టినవారును ఆయనయే.

ఇంతకును ఆయనను మేము తలచుటకు ముఖ్యకారణము వేరు. సోవియట్ రష్యాలో చిన్నపాత్రల నటుడు సైతము స్టూడియో ఉద్యోగియై నెలజీతము పుచ్చుకొనెడివాడు. అచ్చటి కళకు ప్రభుత్వపు సంకెలలును ఉండెను. దానిని మేము మరువలేదు. కాని మన దేశమున పిలుపు వచ్చిననాడు కూలి, రానినాడు పస్తు. లైట్లు మోయువారు, సెట్టులు కట్టు వడ్రంగులు, రంగు పూయువారు, గుంపులో నిలుచువారు — తెరమీద మేడలు కట్టిన వీరిలో అనేకులకు తలదాచుకొన సొంతగూడు లేదు. పరిశ్రమ మదరాసు వీడి హైదరాబాదునకు తరలినప్పుడు వీరి బాధ రెట్టింపయ్యెను. ఉన్న అద్దెకొంప మదరాసులో, దొరకు పని హైదరాబాదులో. ప్రభాకరరెడ్డి ఈ కార్మికుల గృహములకై ముందు నిలిచి పాటుపడిరి. పెద్ద తారలు తమకై స్టూడియోలు నిర్మించుకొనుచున్న కాలమున ఆయన కూలివారి ఇండ్లస్థలమునకై తిరుగుచుండిరి.

1997 నవంబరు 26వ తేదీన, అరువదిరెండేండ్ల వయస్సున ఆయన మరణించిరి. మణికొండలోని చిత్రపురి కాలనీకి ఆయన పేరే పెట్టిరి. కాని ఆ ఇండ్లు లేచుట ఆయన చూడలేదు. పిదప ఇండ్ల పంపకమున అక్రమములు జరిగెననియు, సినిమా పనితో సంబంధము లేనివారికి వాటాలు ముట్టెననియు ఆరోపణలు చెలరేగెను. వాని నిజానిజములు తేల్చుట న్యాయస్థానముల పని. మేము కోరునది ఒక్కటే: ఏ లైటుబాయికి, ఏ వడ్రంగికి, ఏ ఇల్లు ఏనాడు దక్కెనో తెలుపు పూర్తి జాబితాను, ఇంకను వేచియున్నవారి పేర్లతోసహా, ఆ కాలనీ ద్వారముకడనే అందరికిని కనుపించునట్లు అంటింపవలయును.